తూనీగను మింగిన తొండ

కోట గుమ్మం దగ్గర కాపలావాళ్ళు గొడ్డలిని చూశారు, మనిషిని చూడలేదు. కేతుమల్లుడు కోరుకున్నదీ అదే.

ఒకప్పుడు ఇదే గుమ్మం గుండా అతన్ని గాడిద మీద ఎక్కించి వెళ్ళగొట్టారు. అప్పుడతను తూర్యదేశపు సేనాపతి. ఇప్పుడు ముఖాన బొగ్గు మసి, మెడలో ఎర్ర పూసలు, భుజాన బారెడు పిడి ఉన్న గొడ్డలి. చూసినవాడెవడైనా ఉత్తరాది తలారి అనుకోవలసిందే. అతని వెనక గుండయ్య నెత్తిన నూనెకుండతో రొప్పుతూ వస్తున్నాడు. గుండయ్య పాత సైన్యంలో వంటవాడు. సేనాపతిని వెళ్ళగొట్టిన రోజున తనంతట తానే గరిటె పారేసి ఆ గాడిద వెనక నడిచినవాడు.

“దొరా, గొడ్డలి మీకు, కుండ నాకా? ఇదేం న్యాయం?” అన్నాడు గుండయ్య.

“తల పెట్టే మొద్దుకు పూసే నూనె లేకపోతే తలారి అని ఎవరూ నమ్మరు. నడు.”

“నమ్మకానికి ఇంత బరువు కావాలా? చిన్న చెంబుడు సరిపోదూ?”

“ఏ ఊరు?” అని అడిగాడు కాపలావాడు, గొడ్డలి అంచు మీంచి చూపు తిప్పుకోకుండా.

“తలలు తెగే ఊరు” అన్నాడు కేతుమల్లుడు.

“పదండి పదండి. మంత్రిగారు పొద్దుట్నుంచీ కాలుగాలిన పిల్లిలా తిరుగుతున్నారు. మన ఊరి తలారుల్లో ఒక్కడూ రానన్నాడట. ఆ జంతువు చూపు తగిలితే ఏడు తరాలు పోతాయని భయం.”

కేతుమల్లుడు లోపలికి నడిచాడు. అతనికి పోవడానికి తరాలేమీ లేవు.

తూర్యదేశపు రాజధాని శరపురి అంటే నీళ్ళమీద తేలే వెండిపళ్ళెం. మూడు వైపులా రెల్లుకొలను, నాలుగో వైపు తెల్లరాతి కోట. గోపురాల మీద ఇంద్రనీలాల రెక్కలు తాపిన తూనీగలు. స్తంభాల మీద తూనీగలు, పల్లకీ కొమ్ముల మీద తూనీగలు, ఆడవాళ్ళ చెవులకు తూనీగ దిద్దులు. ఎండ పడితే నగరమంతా ఒక్కసారి రెక్క విప్పినట్టు మెరుస్తుంది. తూనీగ ఆ రాజవంశపు ధ్వజం. ఆ నగరం చేసిన తప్పు కూడా అక్కడే మొదలైంది.

యువరాజు వసంతవర్మకు పట్టం కట్టే రోజున మేచకుడనే మాంత్రికుడు నిండు సభలో నల్లపొగై దిగాడు. పొగ విడిపోయేసరికి సింహాసనం ముందు యువరాజు లేడు. సింహాసనం మీద గద్దంత బంగారు తూనీగ వాలి ఉంది. పక్క స్తంభాన్ని గుర్రమంత రెక్కల తొండ ఒకటి కరుచుకుని ఉంది. ఎవరూ ఒక్క క్షణం ఆలోచించలేదు. తూనీగకు సాష్టాంగపడ్డారు. తొండను ఈటెలతో తరిమారు. తూనీగను బంగారు పంజరంలో పెట్టి వింజామరలు వీచారు, దాని ముందు వేదం చదివించారు. తొండ మాత్రం ఎన్నిసార్లు తరిమినా తిరిగి వచ్చి యువరాజు మందిరం పెంకుల మీదే ఎండ కాచుకునేది. అదెందుకు అక్కడికే వస్తోందని అడిగినవాడు లేడు. నిన్న సాయంత్రం అది కిటికీలోంచి దూరి, పంజరం విరిచి, బంగారు తూనీగను తినేసింది. నాలుగు రెక్కలు మాత్రం మిగిల్చింది.

తొండకు ఆకలేస్తే తూనీగను తింటుంది. తొండ రూపం వచ్చినవాడికి ఆ ఆకలీ వస్తుంది. ఈ మాత్రం ఇంగితం ఆ సభలో ఏ తలపాగా కిందా లేకపోయింది.

వల వేసి పట్టారు. మంత్రి పుష్కరుడు మహారాజు పేరు మీద తీర్పు చెప్పాడు. మిట్టమధ్యాహ్నం తల నరకాలి. పొట్ట చీల్చి యువరాజు అవశేషాలు తీసి దహనం చేయాలి. ఆ పైన దుఃఖంతో మంచంపట్టిన మహారాజు వీరధవళుడికి బదులు రాజ్యభారం మంత్రిగారు మోస్తారు. పాపం, ఎంత బరువో!

ఇవన్నీ పొలిమేర సత్రంలో విన్నప్పుడు కేతుమల్లుడు ఒక్కటే అడిగాడు. “తూనీగ చచ్చాక శవం కనబడిందా?”

“రెక్కలే కనబడ్డాయి.”

“అయితే మా యువరాజు బతికే ఉన్నాడు” అని లేచాడు.

అతనికి తెలుసు. ఎలా తెలుసో తలుచుకోవడం అతనికి ఇష్టం లేదు. అతని భార్య చంపకవల్లి ఒక సాయంత్రం కొలను గట్టున పుష్కరుడూ మేచకుడూ గుసగుసలాడటం విన్నది. ఇంటికి తిరిగి రాలేదు. మర్నాడు మెట్టె తొడిగిన కాలితో ఒక తెల్లకొంగ అతని వాకిట్లో వాలింది. ఆ పొద్దుటే కొంగలు కనబడితే కొట్టమని మంత్రి ఆజ్ఞ. పంటకు చేటట! బాణం తగిలింది. కొంగ అతని చేతుల్లో పడింది. ప్రాణం పోయిన క్షణాన కొంగ లేదు. చంపకవల్లి ఉంది.

ఆనాడు మంత్రి మీద కత్తి దూసినందుకు గాడిద ఎక్కాడు. తర్వాత మేచకుడి జాడలు పట్టుకుని దేశాలు తిరిగాడు. వాడు ఎలుగ్గా మార్చిన వర్తకుణ్ణి చూశాడు. గబ్బిలంగా మార్చిన నాట్యకత్తెను, కప్పగా మార్చిన రౌతును చూశాడు. చీమగానో ఈగగానో మారినవాణ్ణి ఒక్కణ్ణీ చూడలేదు. మేచకుడి విద్య ఎముకను వంచగలదు, సాగదీయగలదు, కుదించగలదు. లేకుండా చేయలేదు.

తూనీగకు ఎముక లేదు.

*

కోట ముంగిట జనం కిక్కిరిసి ఉన్నారు. నడుమ నల్లరాతి బండ. ఎత్తైన అరుగు మీద, పల్లకీలో మోసుకొచ్చి కూర్చోబెట్టిన మహారాజు, ఆయన పక్కన ముసుగు వేసుకున్న మహారాణి తారావళి. వారికి ముందు, ఎండ తనమీదే పడేలా నిలబడి, పట్టుశాలువలో పుష్కరుడు.

నేలమాళిగలోని చలిబావిలోంచి తొండను గొలుసులతో లాక్కొచ్చారు. గుర్రమంత శరీరం, కట్టెలా బిగుసుకుపోయి ఉంది. కళ్ళు మూతపడి ఉన్నాయి.

“ఊఁ, కానీ! కదలకుండా ఉన్నప్పుడే వేసెయ్” అన్నాడు పుష్కరుడు.

కేతుమల్లుడు గొడ్డలి నేలకు ఆనించాడు. “వెయ్యను.”

“ఏం?”

“మా కులవృత్తికి నియమం ఉంది. చలికి తెలివితప్పినదాన్ని మేం నరకం. కళ్ళు తెరవాలి, నేరం వినాలి. అప్పుడే వేటు. కాదంటే గొడ్డలి మీ చేతికే ఇస్తాను, మీరే కానివ్వండి.”

పుష్కరుడి చెయ్యి ముందుకు రాలేదు. జనంలో ఎవరో కిసుక్కుమన్నారు.

“ఎండలో పడుకోబెట్టండి. ఇది తనలోంచి వేడి పుట్టించుకోలేదు, సూర్యుణ్ణి అడిగి తెచ్చుకుంటుంది” అన్నాడు కేతుమల్లుడు.

కాలిన నల్లబండ మీద తొండను పరిచారు. మెల్లగా దాని బూడిదరంగు కరిగింది. తోక కొస నుంచి ఆకుపచ్చ పాకింది, ఆకుపచ్చలోంచి రాగి, రాగిలోంచి పసిమి. పొలుసు పొలుసున ఎండ దీపం పెట్టింది. గొంతు కింద తిత్తి కుంకుమ సంచిలా ఉబ్బింది. రొమ్ము లేచింది, పడింది. చివరికి తేనెరంగు కన్ను ఒకటి తెరుచుకుని తిన్నగా తలారి వైపు చూసింది.

“లేచింది! ఇంక కానీ!” అన్నాడు పుష్కరుడు.

“ఇంకో నియమం ఉంది. తెగే తల ఎవరిదో అడగాలి.”

“తొండది!” అని అరిచాడు జనంలో ఒకడు. అందరూ నవ్వారు.

“మీరు నవ్వుతూ ఉండండి” అన్నాడు కేతుమల్లుడు. “మహారాజా, ఇది మీ కొడుకును తిన్నదంటున్నారు. ఆ మిగిలిన రెక్కలు తెప్పించండి.”

వెండిపళ్ళెంలో నాలుగు బంగారు రెక్కలు వచ్చాయి. ఒకటి తీసి ఎండకు అడ్డంగా పట్టాడు. “ఇందులో ఎముక ఎక్కడుందో ఎవరైనా చూపండి.”

ఆస్థాన పండితుడు గొంతు సవరించుకున్నాడు. “తలారీ, నీకు శాస్త్రం తెలియదు. తూనీగా రెక్కల తొండా ఒకే జాతి. వయసు మళ్ళిన తూనీగ రెల్లుగడల మీద పొర విడిచి తొండగా మారుతుంది. ఆ ఖాళీ గుల్లలు కొలను నిండా ఉంటాయి.”

“గుల్లలు ఉంటాయి స్వామీ. అవి ముసలి తూనీగలవి కావు, పిల్లలవి. నీళ్ళలో రెక్కల్లేకుండా పెరిగి, గట్టెక్కి, వీపు చీల్చుకుని తూనీగ బయటికి వస్తుంది. సరే, అది వదిలెయ్యండి. తూనీగకు కాళ్ళెన్ని?”

పండితుడు ఆలోచిస్తుంటే పూలబుట్ట పట్టుకున్న ఆడమనిషి ఒకతె “ఆరు” అంది.

“దీనికి?”

“నాలుగేగా!”

“వయసు మళ్ళితే పళ్ళూడతాయి. కాళ్ళూడతాయా?”

ఈసారి నవ్వు తలారి వైపు నిలబడింది. పుష్కరుడు శాలువ సర్దుకున్నాడు.

“తూనీగకు గట్టిదంతా బయట, మెత్తనిదంతా లోపల” అన్నాడు కేతుమల్లుడు. “ వేలితో నొక్కితే గుల్లలా పగులుతుంది. దీనికి గట్టిది లోపల. వెన్నుంది, పుర్రె ఉంది. మీకూ నాకూ ఉన్నట్టే. తూనీగ నోటితో ఊపిరి పీల్చదు, పొట్టకు రెండు పక్కలా సన్నటి చిల్లులతో పీలుస్తుంది. దీని రొమ్ము చూడండి, పరుగెత్తి వచ్చిన మనిషి రొమ్ములా ఎగసిపడుతోంది. ఎముక ఉన్నవాణ్ణి ఎముక లేనిదానిగా మార్చే విద్య మేచకుడికి లేదు. ఆ తూనీగ వట్టి తూనీగ. మీ కళ్ళకు వేసిన ఎర. వాడికి మీ జెండా మీద బొమ్మ తెలుసు, మీ తెలివి ఎంతో తెలుసు.”

“వాగుడు ఆపు!” అన్నాడు పుష్కరుడు. “విలుకాళ్ళూ!”

“ఉండు” అన్న మాట వినబడింది. అది మహారాజుది. ఇన్నాళ్ళకు ఆయన నోరు విప్పడం అదే మొదలు. “చెప్పు తలారీ.”

కేతుమల్లుడు తొండ పక్కన మోకాలు వంచి, దాని డొక్క మీద చెయ్యి వేసి, “విప్పు నాయనా” అన్నాడు తగ్గు స్వరంతో.

తొండ రెక్కలు విప్పింది. పక్కలనుంచి పొడుగాటి ఎముకలు విసనకర్ర పుల్లల్లా చాచుకున్నాయి. వాటి నడుమ నారింజ మీద నలుపు చిమ్మిన పట్టులాంటి తోలు సాగింది.

“తూనీగ రెక్క వీపు మీద మొలిచిన పొర. ఇవి మొలిచినవి కావు, పక్కటెముకలు. మేచకుడు సాగదీశాడు, తోలు కప్పాడు. మహారాణీ, ఎడమవైపు చివరి ఎముక చూడండి.”

అన్ని పుల్లలూ తిన్నగా ఉన్నాయి. ఆ ఒక్కటి మధ్యలో కణుపు కట్టి, వంకర తిరిగి ఉంది.

“యువరాజుకు గుర్రపుస్వారీ నేర్పినవాడెవడు?” అన్నాడు కేతుమల్లుడు.

మహారాణి అప్పటికే మెట్లు దిగుతోంది. చెలికత్తెలు పట్టుకోబోతే విదిలించుకుంది. బండ దగ్గర కూలబడి ఆ వంకర మీద వేళ్ళు పెట్టింది. కణుపుకు పైన ఒకసారి, కింద ఒకసారి, మళ్ళీ పైన. కళ్ళు మూసుకుంది.

“చిన్నప్పుడు తెల్లగుర్రం మీంచి రాయి మీద పడ్డాడు” అంది. “నెలల తరబడి నూనె రాసింది నేనే. రాస్తుంటే చక్కిలిగింతలని నవ్వేవాడు. ఈ వంకర నా వేళ్ళకు తెలుసు... వసంతా! ఒరే నాన్నా, నువ్వట్రా?”

తొండ గొంతు తిత్తి వణికింది. తల వంచి, గరుకు దవడను ఆమె అరచేతిలో పెట్టింది.

కేతుమల్లుడు గుండయ్య తలగుడ్డ లాక్కుని ముఖం తుడుచుకున్నాడు. మసి కింద ముఖం బయటపడింది.

“సేనాపతి!” అన్నారు పాత సిపాయిలు.

“గొడ్డలి పడి ఉంటే ఏమయ్యేదో చెప్పు పుష్కరా” అన్నాడు. “ప్రాణం పోగానే అసలు రూపం వస్తుంది. అది నాకు చూపించింది నువ్వే. కన్నతండ్రి ఆజ్ఞతో, కన్నతల్లి కళ్ళముందు, ఈ బండ మీద యువరాజు మొండెం ఉండేది. ఆ తర్వాత ఆ మహారాజు బతికేవాడా? నీ దారికి అడ్డెవరు?”

పుష్కరుడు తిరగబడి అరవలేదు. నవ్వాడు. అతని చెయ్యి శాలువలోకి వెళ్ళింది.

“బాగా చెప్పావు. ఒక్కటి మరిచావు” అన్నాడు. “ఆ రోజు మంత్రంలో వీడి పేరు పలికింది మేచకుడు కాదు, నేను. పలికిన నోరే వెనక్కి పిలవాలి. నన్ను నరుకు, సేనాపతీ! మీ యువరాజు తొండగానే పురుగులు ఏరుకు తింటాడు. నీ పెళ్ళాం బాకీ తీరుతుంది. ఊఁ, నరకవేం?”

గొడ్డలి లేచింది. గాలిలో ఆగింది. దాన్ని ఆపడానికి కేతుమల్లుడికి ఎంత బలం పట్టిందో ఆ పిడికి తెలుసు.

పుష్కరుడు శాలువలోంచి ఎముక ఈల తీసి ఊదాడు.

కొలను మీంచి ఉరుము లేచింది. మబ్బు లేని ఉరుము. కోట గోడ దాటి, మేచకుడు పెంచిన పల్లకీ అంత తూనీగ వచ్చింది. దాని కళ్ళు రెండు ఇత్తడి గంగాళాలు; ఒక్కో కంటిలో వెయ్యి సూర్యుళ్ళు. నీలి ఉక్కు లాంటి తోక, అద్దాల్లాంటి నాలుగు రెక్కలు, ఒక జత లేస్తుంటే ఇంకో జత దిగుతోంది. గాలిలో నిలబడింది. వెనక్కి జరిగింది. పక్కకు ఒరిగింది. విలుకాళ్ళు గొంతుకు గురిపెట్టారు. బాణాలు గుల్లకు తగిలి చిట్లి పడ్డాయి. అది ఆరు కాళ్ళూ బుట్టలా ముడిచి మంత్రిని ఎత్తుకుని కొలను వైపు తిరిగింది.

“గుండయ్యా! కుండ! బురుజు మీదికి!”

“మళ్ళీ నేనేనా!” అంటూనే గుండయ్య మెట్లెక్కాడు.

కేతుమల్లుడు గొలుసులు తెంచాడు. తొండ బురుజు గోడ మీద గోళ్ళు దింపి నిట్టనిలువుగా పాకింది. అతను మెట్లమీద పరుగెత్తాడు. పైకి చేరేసరికి గుండయ్య కుండ కిందపెట్టి నాలుక బయటపెట్టాడు.

“దొరా, ఇది ఎగురుతుందా?”

“ఎగరదు. పైనుంచి కిందికి జారుతుంది. అంతే.”

“అదైతే నేనూ జారగలను!”

కేతుమల్లుడు గొడ్డలి వీపున కట్టుకుని, కుండను చంకన బిగించి తొండ వీపెక్కాడు. గుర్రమెక్కడం నేర్పినవాడు ఈరోజు శిష్యుణ్ణే ఎక్కాడు. “వసంతా, మడమ తాకితే మలుపు. మరిచిపోలేదుగా?” అన్నాడు. తోక ఒక్కసారి బురుజును కొట్టింది. ఆ వెంటనే కాళ్ళ కింద రాయి పోయింది.

గాలి తోలురెక్కల కింద తప్పెటలా మోగింది. కింద రెల్లుకొలను, దూరాన మేచకుడు ఉండే నల్లదీవి. ముందు దిగువగా, మంత్రి బరువుకు మెల్లగా పోతున్న తూనీగ. మొదటి మలుపులో వంకర ఎముక ఉన్న రెక్క కొంచెం వాలింది. కేతుమల్లుడు ఒళ్ళు కుడికి వాల్చి దాన్ని సరిచేశాడు. ఎత్తు తరుగుతోంది, దూరమూ తరుగుతోంది. తూనీగకు నాలుగు దిక్కులూ దారే. వీళ్ళకు దిగువ దారి ఒక్కటే. రెండో అవకాశం లేదు.

దాని వీపు మీదికి వచ్చారు. అతను తలను చూడలేదు, గొంతును చూడలేదు. నడుము పక్కల చిల్లులు తెరుచుకుంటూ మూసుకుంటూ ఉన్నాయి. కుండ మూత ఊడబెరికి, ఒక పక్క సగం, రెండో పక్క సగం కుమ్మరించాడు.

తూనీగ కాసేపు ఏమీ ఎరగనట్టే పోయింది. తర్వాత ఒక జత రెక్కలు తాళం తప్పాయి. రెండో జత తడబడింది. ఊపిరి నూనెలో మునిగింది. గంగాళాల కళ్ళలో సూర్యుళ్ళు ఆరిపోయాయి. ఆరు కాళ్ళూ విడిపోయాయి.

పుష్కరుడు అరుస్తూ రెల్లు నడుమ నీళ్ళలో పడ్డాడు. తేలాడు. “కాపాడండి!” అన్నాడు. ఆ మాట అతని నోట్లో చాలా కొత్తగా ఉంది.

తొండ రెల్లుదుబ్బు మీద వాలింది. అక్కడి నుంచి కేతుమల్లుడు నీళ్ళలోకి చూశాడు. మంత్రి కాళ్ళ కింద బురద కదులుతోంది. పడవంత గుల్లశరీరం ఒకటి, రెక్కల్లేనిది, ఆరు కాళ్ళది, మెల్లగా లేచింది. ఆ తూనీగ పిల్ల. దాని గడ్డం కింద మడిచిన దవడ ఒకటి, చెయ్యి చాచినట్టు, విప్పుకుంటోంది.

కదలకుండా కూర్చుంటే చాలు. అతను చేయవలసింది ఏమీ లేదు. చంపకవల్లి పేరు కూడా ఎత్తనక్కర్లేదు. కొలను తన పని తాను చేసుకుంటుంది.

పక్కన తొండ ఎండకు రెక్క చాచి నిలబడి ఉంది, దాని వంకర ఎముక నీడ నీళ్ళమీద పడుతోంది.

“సేనాపతీ! నీ కాళ్ళు పట్టుకుంటాను!” అని కేక వేశాడు పుష్కరుడు.

“నువ్వు చస్తావు పుష్కరా, నా చేతిలోనే” అన్నాడు కేతుమల్లుడు. “ముందు ఆ పేరు వెనక్కి పిలువు.”

గొడ్డలి చేతబట్టి, తెరుచుకుంటున్న ఆ దవడకూ తన పగవాడికీ నడుమకు దూకాడు.